ఆ ముత్యాలు ఎవరు పెట్టారు?

గద్వాలకు పన్నెండు మైళ్ళ దూరంలో మా వూరు. కృష్ణకూ తుంగభద్రకూ నడుమ వున్న ఆ నేలను మేము నడిగడ్డ అంటాం. ఆ వూళ్ళో మా పాత ఇంటి నడిమింట్లో, దేవుని గూటికి ఎడమపక్కన, నాకు బుద్ధి తెలిసినప్పటినుంచీ ఒక పటం వేలాడుతూ వుండేది. జానెడున్నర పొడుగు, జానెడు వెడల్పు. ఎవరో ఒక దొర పక్కకు తిరిగి, దిండుకు ఆనుకొని కూర్చుని వుంటాడు. నుదుట నామం, చేతిలో పువ్వు, వెనక ఆకుపచ్చని నేపథ్యం, పైన సన్నగా నీలపు ఆకాశం. మెడలో నాలుగు పేటల ముత్యాల హారం.

ఆ ముత్యాలే మా ఇంటి ప్రతిష్ఠ. ఎవరు వచ్చినా మా నాయన ముందు మంచినీళ్ళిచ్చి, తర్వాత పటం ముందు నిలబెట్టేవాడు.

"జర దగ్గరికొచ్చి ఆ ముత్యాలు జూడుండ్రి. ఒక్కొక్కటి గసాల గింజంత. ఇప్పటోళ్ళు ఎవరన్న పెడతరా అట్ల?" అనేవాడు.

వచ్చినవారు తల వూపేవారు. మా ముత్తాత పాండిత్యానికి మెచ్చి గద్వాల సంస్థానం వారు ఆ పటం బహూకరించారని నాయన చెప్పేవాడు. గద్వాల విద్వాంసులకు పెట్టింది పేరు గదా! అందువల్ల ఆ మాట ఎవరికీ అనుమానంగా తోచలేదు.

నాయన పోయాడు. ఇల్లు అన్న పాలికి వచ్చింది. నేను డ్రాయింగు మాస్టరుగా జిల్లాలు తిరిగి, 2008లో పించను పుచ్చుకొని మహబూబ్‌నగర్‌లో స్థిరపడ్డాను. రెండేండ్ల కిందట అన్న దగ్గరినుంచి ఫోను వచ్చింది.

"తమ్మీ, పట్నం నుంచి ఒకాయన వచ్చిండు. పాత సామాన్లు కొంటడట. మన పటం జూసి ఎనిమిది లక్షలు ఇస్తనన్నడు. గోల్కొండ నవాబుల నాటిదట. పిల్ల పెండ్లి ఖాయమాయె గద, నువ్వేమంటవ్?"

ఆ మనిషి దేన్ని చూసి గోల్కొండది అన్నాడని అడిగాను.

"ముత్యాలు జూసి" అన్నాడు అన్న.

నా గుండె ఒక్కసారి దడదడలాడింది. ఎందుకో తర్వాత మనవి చేస్తాను. "తొందరపడకు అన్నా, ఎవరికన్నా చూపించి చెప్త" అని మాత్రం అన్నాను.

పేరు పెట్టని చేతులు

మన దేశపు పాత చిత్రాలకు పెద్ద చిక్కు ఒకటి వుంది. వేసినవాడు పేరు వేసుకోడు. మొగలు దర్బారులో గుమాస్తాలు బొమ్మ అంచున చిత్రకారుడి పేరు రాసిపెట్టారు గనుక అక్కడ కొంత మేలు. మన దక్కనులో అదీ అరుదే. ఇక సంస్థానాల సంగతి చెప్పనక్కరలేదు.

గద్వాల, వనపర్తి, జటప్రోలు, అమరచింత - ఇవన్నీ నిజాము ఏలుబడిలో పేష్‌కష్ కట్టుకుంటూ తమ కోటల్లో తాము రాజులై బతికిన సంస్థానాలు. కవులకూ పండితులకూ ఏటేటా సంభావనలిచ్చారన్నది అందరికీ తెలుసు. అక్కడ చిత్రకారులు కూడా వుండేవారని మాత్రం చాలాకాలం ఎవరూ పట్టించుకోలేదు. ఆ కోటలనుంచి బయటికి వచ్చిన బొమ్మలన్నిటికీ 'హైదరాబాదు', 'గోల్కొండ', కాకపోతే ఊరికే 'దక్కనీ' అని చీటీ అంటించి ఊరుకునేవారు.

ఆ చీటీలు విప్పి చూసినవారిలో ముఖ్యులు జగదీశ్ మిత్తల్ గారు. శాంతినికేతన్‌లో చిత్రకళ చదువుకొని, 1951లో హైదరాబాదు వచ్చి, భార్య కమలగారితో ఇక్కడే వుండిపోయారు. చేతిలో పెద్ద డబ్బు లేని రోజుల్లోనే ఇద్దరూ కలిసి పాత బొమ్మలు, బట్టలు, పాత్రలు ఏరి పోగుచేశారు. ఆయన 1963లో 'మార్గ్' పత్రికలో వనపర్తి, గద్వాల, షోరాపూర్ సంస్థానాల చిత్రకళ మీద ఒక వ్యాసం రాశారు. నడిగడ్డలోనూ దాని చుట్టుపట్లా ప్రత్యేకమైన చిత్రకళ ఒకటి వుండేదని లోకానికి తెలిసింది అప్పుడే. ఆ దంపతులు పోగుచేసినదంతా 1976లో వారి పేరిటే ట్రస్టుగా, మ్యూజియంగా ఏర్పడింది.

1949లో జాగీర్లు రద్దయినాయి. సంస్థానాలు పోయినాయి. వనపర్తి రాజభవనంలో 1959లో పాలిటెక్నిక్ వచ్చింది. కోటల్లోని సామాను నాలుగు దిక్కులకూ చెదిరింది. ఏ బొమ్మ ఏ గోడమీదిదో చెప్పగలవారు ఒకరొకరే పోయారు. ఇప్పుడు బొమ్మను బొమ్మే సాక్ష్యం చెప్పుకోవాలి.

చెవులూ గోళ్ళూ

సాక్ష్యం ఎట్లా చెపుతుంది? దీనికి ఒక పద్ధతి కనిపెట్టినవాడు వైద్యం చదువుకున్న ఇటలీవాడు, జొవాన్ని మొరెల్లి. 1816లో పుట్టి 1891లో పోయాడు. ఆయన చెప్పిన కిటుకు చాలా సులువు. గొప్ప చిత్రకారుడిని అనుకరించేవాడు ముఖమూ చిరునవ్వూ జాగ్రత్తగా దించుతాడు. చెవి తమ్మె, చేతి గోరు - ఇలాంటి చోట్ల మాత్రం తన సొంత అలవాటుకే జారిపోతాడు. దొంగ ముఖానికి గుడ్డ కట్టుకుంటాడు గాని నడక మార్చుకోడు గదా! డ్రెస్డెన్ చిత్రశాలలో, పోయిన అసలుకు ఎవరో తీసిన నకలు అని చీటీ అంటించి వుంచిన నిద్రించే వీనస్ బొమ్మను, అది సాక్షాత్తూ జొర్జొనే వేసినదేనని మొరెల్లి ఈ కంటితోనే తేల్చాడు.

మన దేశంలోనూ ఇలాంటి పని జరిగింది. పహాడీ చిత్రాలను ఈ రాజ్యం బొమ్మలు, ఆ రాజ్యం బొమ్మలు అని పంచుకుంటున్న రోజుల్లో బి.ఎన్. గోస్వామిగారు హరిద్వారం పండాల దగ్గరికి వెళ్ళారు. యాత్రకు వచ్చినవారి వంశావళులు ఆ పండాల బహీలలో తరతరాలుగా రాసి వుంటాయి. వాటిలో చిత్రకారుల కుటుంబాలను పట్టుకొని, శైలి రాజ్యానిది కాదు, కుటుంబానిది అని 1968లో నిరూపించారు. కన్ను చెప్పినదానికి కాగితం తోడైతే ఎంత బలమో చూడండి.

నేను మా పటాన్ని తెల్లని నూలుగుడ్డలో చుట్టి, అట్టల నడుమ పెట్టి, హైదరాబాదులో ఇలాంటి బొమ్మల మధ్యనే జీవితం గడిపిన ఒక పెద్దాయన దగ్గరికి తీసుకుపోయాను. తమ పేరు వేయవద్దన్నారు గనుక వేయడం లేదు. ఆయన పటం చేతిలోకి తీసుకొని పావుగంట ఏమీ మాట్లాడలేదు. భూతద్దం తీసి ముందు చెవి చూశారు. తర్వాత కన్ను, పువ్వు పట్టుకున్న వేళ్ళు, తలపాగా మడతలు చూశారు. ముత్యాల జోలికే పోలేదు.

"గోల్కొండ అన్నదెవరు?" అన్నారు చివరికి.

"కొనడానికి వచ్చినాయన."

"గోల్కొండ 1687లో ఔరంగజేబు చేతికి పోయింది. ఈ తలపాగా ఆ కాలానిది కాదు. ఈ చెంపవెంట్రుకలు కావు. గోల్కొండవాడి గీత ఒక్క వూపిరిలో పోతుంది. ఈయన గీత మూడుచోట్ల ఆగి, మళ్ళీ ఎత్తుకుంది. అంతమాత్రాన తక్కువవాడు కాదు. ముఖం చూడండి, ఎదురుగా మనిషిని కూర్చోబెట్టుకొని వేశాడు. ఇది సంస్థానం పని. పద్దెనిమిదో శతాబ్దం చివర, లేకపోతే పంతొమ్మిది మొదలు."

"గద్వాలేనా?"

"గద్వాలో, వనపర్తో, నా కన్ను అంతదూరం పోదు. పోతుందని చెపితే మీకు సంతోషంగా వుంటుంది గాని అబద్ధమవుతుంది."

అటు తర్వాత అన్నారు: "నా మాట కూడా నమ్మకండి. పరీక్ష చేయించండి. ఈ ముత్యాల దగ్గర నాకేదో తేడాగా వుంది."

నాకు చెమటలు పట్టినాయి.

పెద్దల కన్ను తప్పిన వేళ

పెద్దాయన అంత వినయంగా మాట్లాడడానికి కారణం వుంది. కన్ను ఒక్కదాన్నే నమ్మి పెద్దపెద్దవారు బోర్లాపడ్డారు. డచ్చిదేశంలో హాన్ వాన్ మేగెరెన్ అనే ఆయన పదిహేడో శతాబ్దపు వెర్మేర్ పేరుతో సొంతంగా బొమ్మలు వేశాడు. 1937లో ఆ దేశంలో కెల్లా పేరుమోసిన పండితుడు బ్రెడియస్ వాటిలో ఒకదాన్ని చూసి, వెర్మేర్ వేసినవాటన్నిటిలో ఇదే గొప్పదని రాశాడు. రొట్టెర్‌డామ్ మ్యూజియం దానిని కొనుక్కుంది. యుద్ధంలో మరొకటి జర్మనీ మంత్రి గోరింగ్ చేతికి చేరింది. 1945లో జాతి సొత్తును శత్రువుకు అమ్మావని మేగెరెన్‌ను పట్టుకుంటే, ప్రాణం మీదికి వచ్చి, "అది వెర్మేర్ కాదు, నేనే వేశాను" అని బయటపెట్టాడు. ఎవరూ నమ్మలేదు! కాపలా మధ్య ఇంకొక 'వెర్మేర్' వేసి చూపవలసి వచ్చింది.

చివరికి నిజం తేల్చింది రసాయనశాస్త్రం. రంగు పాతబడి గట్టిపడినట్లు కనిపించడానికి అతడు వాడిన పదార్థం బేకలైటు జాతిది. వెర్మేర్ కాలంలో అలాంటిది భూమ్మీద లేదు. 1947లో అతనికి ఏడాది శిక్ష వేశారు. ఆ సంవత్సరం చివరనే చనిపోయాడు. 1968లో తెల్లరంగులోని సీసపు రేడియోధార్మికతను కొలిచి, ఆ సీసం కొత్తగా కరిగించినదేనని మళ్ళీ రుజువు చేశారు.

ఇక్కడ పాఠకులు ఒకటి గమనించాలి. శాస్త్రం "ఇది ఫలానావారిది" అని చెప్పదు. "ఇది ఫలానావారిది కాజాలదు" అని మాత్రం గట్టిగా చెపుతుంది. మిగిలినది కన్నూ కాగితమూ తేల్చుకోవాలి.

రంగులకు పుట్టినరోజులు

ప్రయోగశాలలో పటాన్ని చట్రంనుంచి విడదీశారు. వెనక దన్నుగా అంటించిన కాగితం ఒకటి బయటపడింది. ఎవరివో ధాన్యం లెక్కలు. పైన 'ఫసలీ 1317' అని వుంది. ఫసలీకి 590 కలిపితే 1907 వస్తుంది. నేను సంబరపడబోయాను.

"అది చట్రం కట్టిన కాలం సార్, బొమ్మ కాలం కాదు" అన్నది అక్కడి అమ్మాయి.

నిజమే. ఈ పాఠం నేను ఇదివరకే నేర్చుకొని మరిచిపోయాను. నల్గొండ జిల్లాలో పనిచేసినప్పుడు సూర్యాపేట పక్కన పిల్లలమర్రికి పిల్లలను తీసుకుపోయేవాణ్ణి. అక్కడ రేచర్ల రెడ్లు కట్టించిన నామేశ్వరాలయంలో క్షీరసాగర మథనం చిత్రం తాలూకు ఆనవాళ్ళు మిగిలాయి. కాకతీయుల కాలపు చిత్రకళలో మనకు దక్కిన అతి కొద్ది తునకల్లో అదొకటి అని పండితులు లెక్కిస్తారు. గుడి 1202 నాటిదని శాసనం చెపుతుంది. కాని శాసనం రాతి వయస్సు చెపుతుంది, రాతి మీది రంగు వయస్సు చెప్పదు. రంగు ఆ కాలానిదే అనడానికి గీతనూ, నగలనూ, కట్టుబొట్టునూ అదే కాలపు శిల్పాలతో పోల్చి చూసుకోవాలి.

కార్బను పరీక్ష చేయమంటే ఆ అమ్మాయి నవ్వింది. 1650 తర్వాతి వస్తువులకు ఆ పరీక్ష అంతగా పనికిరాదట. మూడువందల ఏళ్ళలో ఎప్పటిదైనా కావచ్చునని తేలుతుందట. దానికి బదులు రంగులను అడగాలి.

రంగులకు పుట్టినరోజులు వుంటాయి! ఇంగిలీకం, హరిదళం, నీలిమందు, సీసపు సఫేదా, దీపపు మసి - ఇవి పాతవి. తాతలనాటినుంచీ వున్నవే. చేర్యాల నకాషీలు పురాణపు పటాల మీద చింతగింజల జిగురు పూసి తరతరాలుగా వాడినవి ఇలాంటివే. అందుకే వాటిని బట్టి వయస్సు చెప్పడం కష్టం. కాని కొన్ని రంగులు ఫలానా సంవత్సరానికి ముందు లోకంలో లేవు. 1706 ప్రాంతాన బెర్లిన్‌లో ఒక రంగుల వ్యాపారి వేరే రంగు చేయబోతే పొరపాటున ఒక కొత్త నీలం పుట్టింది. దానికి ప్రష్యన్ నీలం అని పేరు. 1820ల దాకా అసలైన లాజవర్ద్ నీలం కావాలంటే అఫ్ఘనిస్థానంలోని బదఖ్షాన్ రాళ్ళు నూరవలసిందే. ఆ తర్వాత ఫ్రాన్సులో కృత్రిమంగా చేశారు. టైటేనియం తెలుపు మొదటి ప్రపంచయుద్ధ కాలంలో గాని బజారుకు రాలేదు.

మొదట ఎక్సురే ప్రతిదీప్తి యంత్రం పెట్టారు. చేతితో పట్టుకునే తుపాకీ లాగా వుంటుంది. బొమ్మను తాకదు, గీకదు. కిరణం తగిలితే అందులోని లోహాలు తమ తమ గుర్తులు బయటపెడతాయి. పెదవుల ఎరుపులో పాదరసం, అంటే ఇంగిలీకం. పసుపు ఉత్తరీయంలో ఆర్సెనిక్, అంటే హరిదళం. అంచు గీతలో నికరమైన బంగారం. దొరవారి నగ మెరుపు మోసం కాదని తెలిసి ముచ్చటపడ్డాను.

ఆకాశపు నీలంలో ఇనుము కనిపించింది. ఇనుము ఎర్రమట్టిలోనూ వుంటుంది గనుక, లేజరు వెలుగుతో పనిచేసే రామన్ యంత్రం కింద పెట్టి చూశారు. ప్రష్యన్ నీలమే! తర్వాత ఎవరైనా పూసిందేమోనని సూక్ష్మదర్శినిలో అంచు చూశారు. బంగారు గీత నీలం మీదుగా పోయింది. నీలం అడుగున వుంది. గీత గీయకముందే నీలం వుందన్నమాట. ఆ గీతమీద ఎక్కడా రెండోచేయి పడిన జాడ లేదు. అంటే బొమ్మ పుట్టినప్పుడే ఆ రంగు పడింది. 1687కు ముందు గోల్కొండలో 1706 నాటి రంగు ఎట్లా వస్తుంది? పెద్దాయన కన్ను చెప్పిందే యంత్రమూ చెప్పింది.

ఆ తర్వాత గది చీకటిచేసి అతినీలలోహిత దీపం వెలిగించారు. సీసపు సఫేదా వున్న అంగరఖా తెల్లగా వెలిగింది. మెడలో నాలుగు పేటల ముత్యాలు మాత్రం వెలగలేదు. నల్లని చుక్కలై కూర్చున్నాయి!

"ఇవి తర్వాత పెట్టినవి సార్" అన్నది ఆ అమ్మాయి. యంత్రం పెట్టింది. "టైటేనియం. అందులోనూ రుటైలు రకం. 1940ల తర్వాతనే అమ్మకానికి బాగా వచ్చింది. ఎవరో అటుతర్వాత దిద్దారు. చేయి మంచిదే. ఎవరో తెలుసా సార్?"

తెలుసు. తెలియకేం!

1966 దసరా

అప్పుడు నాకు పదహారేండ్లు. డ్రాయింగు లోయర్ పరీక్ష ప్యాసయి, నా అంత చిత్రకారుడు లేడని విర్రవీగుతున్న కాలం. దసరాకు ఇల్లు సున్నం కొడుతూ అమ్మ పటాలన్నీ దించి తుడవమన్నది. దొర పటానికి అద్దం పగిలి వుంది. నేను తడిగుడ్డతో తుడిచాను. ఒక్కసారి అటూ ఇటూ అన్నానో లేదో, గుడ్డకు తెల్లని పొట్టు అంటుకొచ్చింది. చూస్తే దొర మెడలో ముత్యాలు లేవు. బోసిగా చారలు మిగిలాయి.

నాయన మందలిస్తాడని కాదు, ఆయన ముఖం ఎట్లా వాడిపోతుందోనని భయం. ఆ రాత్రి అందరూ పడుకున్నాక లాంతరు ముందు కూర్చున్నాను. బడి పెట్టెలోని తెల్ల పోస్టరు రంగు తీసి, అగ్గిపుల్ల కొన సన్నగా చెక్కి, చారల మీద ఒక్కొక్క చుక్కే పెట్టుకుంటూ పోయాను. తెల్లవారుజామున కోడి కూసేటప్పటికి నాలుగో పేట అయింది. పొద్దున్నే కొత్త అద్దం వేయించి తగిలించాను.

వారం తర్వాత ఎవరో చుట్టాలొచ్చారు. నాయన వారిని పటం ముందు నిలబెట్టి, "ఆ ముత్యాలు జూడుండ్రి" అన్నాడు. తుడవడంతో పటం తేరుకొని ముత్యాలు బాగా కనిపిస్తున్నాయని మురిసిపోయాడు. అప్పుడు చెప్పలేకపోయాను. తర్వాత ఏటికేడు చెప్పడం కష్టమయింది. ఆయన కాలం చేసేదాకా చెప్పలేదు. అన్నకూ చెప్పలేదు. నలభై ఏండ్లు పిల్లలకు "గీత నిజాయితీగా వుండాలి" అని పాఠం చెప్పిన మాస్టరును, ఒక చేతి యంత్రం అర నిమిషంలో పట్టేసింది.

ఇంట్లో తీర్పు

రిపోర్టు పట్టుకొని వూరికి పోయాను. అన్న, వదినె, పెండ్లికూతురు కాబోయే పిల్ల ముందు కూర్చొని అంతా చెప్పాను. గోల్కొండ కాదని చెప్పాను. ముత్యాల సంగతీ చెప్పాను.

అన్న చాలాసేపు నేల చూస్తూ కూర్చున్నాడు.

"నువ్వేనారా?" అన్నాడు చివరికి. "నాయన చచ్చేదాక వాటినే జూపిచ్చుకుంట బతికిండు గద తమ్మీ!"

నేను తల ఎత్తలేదు.

వదినె మాత్రం ఇంకొక మాట అన్నది. "గద్వాలది గద్వాలది అని మీ మొగోళ్ళు అంటరు గని, మా అత్తమ్మ నాకు జెప్పింది వేరే వుండె. అది మీ నాయనమ్మ పుట్టింటి నుంచి తెచ్చుకున్న పటమట. ఆమెది వనపర్తి దిక్కు గద? నన్నెవరన్న అడిగిండ్రా?"

ఎవరూ అడగలేదు. ముప్పై ఐదేండ్లనుంచి ఆ పటం కిందనే దీపం వెలిగిస్తున్న మనిషిని ఒక్కరమూ అడగలేదు! పెద్దాయనకు ఫోను చేసి చెపితే, "ఇదిగో, ఇది కావలసింది. యంత్రానికీ నాకూ తెలియనిది ఆమెకు తెలుసు. ఆమె చెప్పినట్లే, ఆమె మాటల్లోనే రాసిపెట్టండి" అన్నారు.

మర్నాడు కొనే మనిషి వచ్చాడు. రిపోర్టు చేతిలో పెట్టాను. నాలుగు పంక్తులు చదివి మడిచి నాకే ఇచ్చేశాడు.

"ఈ కాగితం మీరు నాకు చూపలేదు, నేను చూడలేదు. ఎనిమిది లక్షలకు కట్టుబడి వున్నాను. పైవాడికి గోల్కొండ అని నేను చెప్పుకుంటాను, మీకేం?" అన్నాడు.

పైవాడు ఎక్కడివాడంటే నవ్వి వూరుకున్నాడు. నూరేండ్లు దాటిన చిత్రాన్ని 1972 చట్టం ప్రకారం ప్రైవేటు మనుషులు దేశం దాటించడానికి వీల్లేదు. అలాంటి వస్తువులు అమ్మడం కొనడం వ్యాపారంగా పెట్టుకున్నవారికి లైసెన్సు వుండాలి. లైసెన్సు చూపమన్నాను. మరొకసారి తెస్తానన్నాడు.

నేను మాట్లాడదలచుకోలేదు. తప్పు చేసినవాణ్ణి. అవసరం అన్నది. ఫంక్షను హాలుకు బయానా ఇచ్చి వున్నాడు. అన్న పటం వైపు చూశాడు, పిల్ల వైపు చూశాడు.

"అయ్యా, మా ఇంట్ల ఒక అబద్ధం యాభై ఏండ్లకు పైనే గోడకు వేలాడింది. దాన్ని ఇంకొకరి ఇంట్ల వేలాడదీసి ఆ పైసలతోని పిల్లకు పుస్తె కట్టియ్యలేను. మీరు పోయి రాండ్రి" అన్నాడు.

పెండ్లి మా ఇంటి ముందరనే పందిరి వేసి చేశాం. నా పించను సొమ్ములో కొంత పిల్ల పుస్తెకు నేనే ఇచ్చాను. "ముత్యాల బాకీ తీరింది చిన్నాయనా" అని పిల్ల నవ్వింది.

మీ ఇంట్లో పటం వుంటే

మన పల్లెల్లో, మన పాత ఇళ్ళల్లో ఇలాంటివి ఇంకా ఎన్ని వున్నాయో! నా అనుభవం మీకు ఉపయోగపడుతుందని నాలుగు మాటలు చెపుతాను.

తడిగుడ్డ తగలనివ్వకండి. నా చేతి మీద ఒట్టు! పొడి బూరుగుదూదితో కూడా రుద్దకండి. రంగు లేస్తుంటే అట్లాగే వుంచి, తెలిసినవారికి చూపండి. ప్లాస్టిక్కు అతికించే లామినేషను అసలే వద్దు. ఎండ తగిలే గోడకూ, పొయ్యి పొగ తగిలే గోడకూ దూరంగా పెట్టండి. అద్దం బొమ్మకు అంటుకోకుండా నడుమ అట్ట అంచు వేయించండి. వెనక కాగితాలు ఎంత చిరిగినా పారేయకండి. అన్నిటికంటే ముఖ్యం, ఇంట్లో పెద్ద ఆడవాళ్ళను కూర్చోబెట్టి అది ఎక్కడినుంచి వచ్చిందో అడిగి, తారీఖు వేసి రాసుకోండి. ఆ పని ఈవేళే చేయండి. యంత్రాలు రేపు ఇంకా మంచివి వస్తాయి, ఆ మాట చెప్పేవారు రేపు వుండరు.

మా పటం మళ్ళీ నడిమింటికే చేరింది. పోస్టరు రంగు గనుక ముత్యాలను నిపుణులు జాగ్రత్తగా తీసేయగలరట. తీయించాలా అని అన్నను అడిగాను.

"వుండనీ. నాయన జూసినవి అవే గద" అన్నాడు.

పెద్దాయన సలహా మీద పటం వెనక, కొత్త అట్ట మీద, మెత్తని పెన్సిలుతో ఇట్లా రాశాను: సంస్థానపు పద్ధతి, 18వ శతాబ్దం చివర లేక 19వ శతాబ్దం మొదలు, ఇంటి పెద్దకోడలు చెప్పిన ప్రకారం వనపర్తి దిక్కునుంచి వచ్చినది, వేసినవారి పేరు తెలియదు, మెడలోని ముత్యాలు 1966 దసరా నాటివి. కింద నా పేరు రాసి, దస్కత్తు చేశాను.

అంత గొప్ప చిత్రకారుడు ఎవరో తేలకుండానే మిగిలిపోయాడు. ఆ పటంలో పేరూ తేదీ సహా రుజువైన చేయి ఒక్కటే, అగ్గిపుల్లతో చుక్కలు పెట్టిన నాది.